లైన్ల పెట్టిన చెప్పులు



మేము భువనగిరిలో హాస్టల్ల ఉండి డిగ్రీ చదువుతున్నం. ఒక్క రూముల నలుగురం. ఇద్దరిది సంస్థాన్ నారాయణపురం దిక్కు తండా, ఒకరిది తుర్కపల్లి దిక్కు, ఇంకొకరిది దేవరకొండ దిక్కు. నలుగురి ఇండ్లల్ల కూడా కాలేజీ గడప తొక్కింది మేమే మొదలు. నలుగురికి కలిపి ఒక్క ల్యాప్‌టాప్, అది కూడా సెకండ్ హ్యాండ్‌ది. బ్యాటరీ ఎప్పుడో పోయింది, ప్లగ్గు ఊడితే బందైతది. ఈ పోస్టు కూడా దాని మీదనే, కరెంటు పోయినప్పుడల్లా ఆగుకుంట రాసినం.

ఇది కంప్యూటర్ సంగతే. థ్రెడ్లు, అసింక్, డీఎల్ఎల్ ఫైళ్లు అని పెద్ద పెద్ద మాటలు వస్తయి. బీఏ, బీకాం వాళ్లు "మాకెందుకు" అని కిందికి జరపకండ్రి. కాలేజీ బీరువాల ఇరుక్కున్న సర్టిఫికెట్ల ముచ్చట కూడా ఇందులనే ఉంది. రెండూ ఒక్క తీరు ముచ్చట్లే అని మాకు ఆలస్యంగ తెలిసింది.

మొదలు గుడ్ల సంగతి చెప్తం.

మా మెస్సుల ఎప్పుడూ ఒకటే పంచాయితీ. ఎవరు ఊరికి పోయిండ్రో, ఎవరున్నరో వంట అక్కలకు తెల్వది. ఒకనాడు అన్నం మిగులుతది, ఒకనాడు తక్కువ పడుతది. సెకండియర్ల ప్రాజెక్టు చేయాలంటే మేము దీన్నే పట్టుకున్నం. రేపు తినేటోళ్లు రాత్రి స్టడీ అవర్ అయినంక ఫోన్ల ఒక బటన్ నొక్కాలె. మా ల్యాప్‌టాప్‌ల లెక్క పడాలె. అంతే. సి షార్ప్‌ల రాసినం. లెక్కను ఒక చిన్న ఫైల్ల దాచినం. రూముల నలుగురం నొక్కి చూస్తే నాలుగు అనే చూపించింది. మస్తు సంబురపడ్డం.

మొదటి రోజు 96 మంది నొక్కిండ్రు. తెర మీద 91 వచ్చింది. తెల్లారి గుడ్డు రోజు. అన్నమైతే అటిటు సర్దొచ్చు, గుడ్డు సర్దరాదు. అక్కలు 91 ఉడకబెట్టిండ్రు. లైన్ల చివర ఉన్న ఐదుగురు ఫస్టియర్ తమ్ముళ్లకు అందలే. వాళ్లు మమ్మల్ని ఏమనలే. ఊకె ప్లేట్ల దిక్కు చూసిండ్రు. ఆ తప్పు పూర్తిగ మాదే.

ఆ రాత్రి మా సీనియర్ అన్న మా ప్రోగ్రాం చూసిండు. అన్నకు డిగ్రీ అయిపోయి ఏడాది దాటింది. అయినా మా రూములనే కింద చాప ఏసుకొని పండుకుంటుండు. ఎందుకో తర్వాత చెప్తం. అన్న ఒక కాగితం తీసి మమ్మల్ని ఇద్దరిని ఎదురెదురుగ కూసోబెట్టిండు. మధ్యల ఒక చీటీ మీద 40 అని రాసిండు.

"ఇద్దరు ఒక్కసారే చూడుండ్రి. ఎంతుంది?"

"నలభై."

"ఒకటి కలపుండ్రి. రాయుండ్రి."

ఇద్దరం 41 అని రాసినం. వచ్చింది ఇద్దరు, పెరిగింది ఒకటి.

మా తప్పు అదే. మనకు "ఒకటి కలుపు" అంటే ఒకటే పని. కంప్యూటర్‌కు మూడు పనులు: ఉన్నది చదువుడు, ఒకటి కలుపుడు, తిరిగి రాసుడు. ఒకేసారి నడిచే పనుల వరుసలను థ్రెడ్లు అంటరు. ఒక థ్రెడ్ చదివి ఇంకా రాయకముందే ఇంకోటి వచ్చి చదివితే ఒక లెక్క గల్లంతు. దీనికి రేస్ కండిషన్ అని పేరు. నలుగురం నొక్కినప్పుడు కనపడలే, 96 మంది నొక్కినప్పుడు కనపడ్డది. ఈ తప్పు ఎప్పుడూ ఇట్లనే దాక్కుంటదని అన్న చెప్పిండు. 2003 ఆగస్టు 14న అమెరికా, కెనడాలల్ల దాదాపు 5 కోట్ల మందికి కరెంటు పోయింది. ఒక కరెంటు కంపెనీ కంట్రోల్ రూముల అలారం సాఫ్ట్‌వేర్ నోరు మూసుకుపోయి, లైన్లు ఒక్కొక్కటే పడిపోతున్నా కూసున్నోళ్లకు తెలువలే. తర్వాత వెతికితే ఆ సాఫ్ట్‌వేర్‌ల దొరికింది కూడా రేస్ కండిషనే. మా ఐదు గుడ్లకు అది ఓదార్పు కాదుగని, తప్పు పేరు తెలిస్తే సగం భయం పోతది.

మందు ఏందంటే, చదివి, కలిపి, రాసేదాక ఇంకొకరు రాకుండ చూసుడు. మా బాత్రూంల లెక్కనే. మాకు ఆరు బాత్రూంలు. ఆరుగురు లోపల ఉంటే ఏడోవాడు బకెట్ పట్టుకొని బయట ఉంటడు. ఒకరు బయటికి రాంగనే ఒకరు పోతరు. ఇట్ల "ఇంతమందే లోపలికి" అని లెక్క పెట్టే దాన్ని సెమాఫోర్ అంటరు. నెదర్లాండ్స్‌కు చెందిన డైక్‌స్ట్రా అనే శాస్త్రవేత్త 1960లల్ల దీన్ని కనిపెట్టిండు. పేరు మాత్రం రైల్వేది. పాతకాలం రైలు సిగ్నల్ కట్టెకు ఒక చెయ్యి ఉండి లేస్తది, దిగుతది చూడు, దాని పేరే సెమాఫోర్. ముందు పట్టాల మీద బండి ఉంటే వెనుక బండి ఆగాలె. సికింద్రాబాద్ నుంచి కాజీపేట పోయే లైను మన భువనగిరి మీదికెళ్లే పోతది. స్టేషన్ దగ్గర కూసొని చూస్తే ఇప్పుడు రంగు లైట్లే ఉన్నయిగని సూత్రం అదే. లెక్కల ఫైలుకు సెమాఫోర్ పెట్టి, ఒక్కరికే సందు ఇచ్చినం. 96 అంటే 96 వచ్చింది.

ఇక ఫైళ్ల సంగతి.

ప్రాజెక్టు చూపెట్టే రోజు కాలేజీ ల్యాబ్ కంప్యూటర్‌ల పెడితే నడువలే. ఎర్ర అక్షరాలు. సిస్టమ్ డాట్ థ్రెడింగ్ డాట్ టాస్క్స్ డాట్ ఎక్స్‌టెన్షన్స్, వెర్షన్ 4.2.0.1 అనే ఫైల్ దొరకలేదు, లేదా దొరికింది సరిపోలలేదు అని. మేము ఆ పేరు ఎక్కడా రాయలే. అది ఎవరు, మా ప్రోగ్రాంల ఎందుకుంది, ఏమీ తెల్వదు. ఆ రోజు మార్కులు సగం పోయినయి.

తర్వాత కూసొని వెతికినం. అప్పుడు తెలిసింది ఏందంటే, మనం రాసే ప్రోగ్రాం ఒంటరిగ నడువది. దాని కింద వేరేవాళ్లు రాసి పెట్టిన లైబ్రరీ ఫైళ్లు ఉంటయి. వాటినే డీఎల్ఎల్‌లు అంటరు. డాట్ నెట్ పాత ఫ్రేమ్‌వర్క్‌ల లేని కొన్ని అసింక్ సౌకర్యాలు ఈ చిన్న ఫైల్ల విడిగ వస్తయి. సైజు చూస్తే మన పాస్‌పోర్ట్ ఫొటో అంత కూడా ఉండదు. కానీ అది లేకుంటే మొత్తం బండి ఆగుతది. గమ్మత్తు ఏందంటే, ప్యాకెట్ మీద నంబరు 4.5.4, లోపల ఫైల్ చెప్పుకునే నంబరు 4.2.0.1. ప్యాకెట్ మారితే లోపలి నంబరు ఇంకోటి కావచ్చు. ఒక లైబ్రరీ ఒక నంబరు అడుగుతది, ఇంకోటి ఇంకో నంబరు అడుగుతది.

ఇది మనకు కొత్తనా? ఆధార్‌ల నాయక్, టెన్త్ మెమోల నాయిక్, క్యాస్ట్ సర్టిఫికెట్‌ల ఇంటిపేరు ముందు, రేషన్ కార్డుల వెనుక. మనిషి ఒక్కడే, కాగితానికో పేరు. కౌంటర్ దగ్గర "ఇది నువ్వు కాదు" అంటరు. అప్పుడు మనం అఫిడవిట్ చేయించుకుంటం కదా, ఈ పేరు, ఆ పేరు ఒక్కరివే అని. డాట్ నెట్‌ల కూడా అట్లాంటి అఫిడవిట్ ఉంది. బైండింగ్ రీడైరెక్ట్ అంటరు. కాన్ఫిగ్ ఫైల్ల నాలుగైదు లైన్లు: పాత నంబరు ఎవరు అడిగినా ఈ కొత్త నంబరునే ఇయ్యి అని. రాసినం, నడిచింది. మార్కులు మాత్రం తిరిగి రాలే.

ఆ కోపంల ఒక మంచి పని చేసినం. లైబ్రరీ ప్యాకెట్ అంటే మామూలు జిప్ ఫైలే. పేరు చివర జిప్ అని మారిస్తే తెరుచుకుంటది. లోపల డీఎల్ఎల్ పక్కన అదే పేరుతోని ఒక ఎక్స్ఎంఎల్ ఫైల్ కూడా చాలాసార్లు ఉంటది. అందుల ఒక్కో క్లాసు ఏం చేస్తదో, ఏం తీసుకుంటదో, ఏం తిరిగిస్తదో రాసి ఉంటది. నోట్‌ప్యాడ్‌ల తెరువొచ్చు. నెట్ అక్కరలే. సెలవులకు తండాకు పోయినప్పుడు సిగ్నల్ కోసం గుట్ట ఎక్కాలె కదా, అక్కడ ఇదే మాకు పుస్తకమైంది. ఇంట్ల గోర్ బోలి, బడిల తెలుగు, ఈ ఫైల్ల ఇంగ్లీషు. ఒక్కో వాక్యానికి అరగంట పట్టింది. అయినా చదివినం.

ఎక్కువ చదివింది మైక్రోసాఫ్ట్ డాట్ విజువల్‌స్టూడియో డాట్ థ్రెడింగ్ అనే లైబ్రరీది. విజువల్ స్టూడియో లోపల వాడేదే, ఎవరైనా ఉచితంగ వాడుకోవచ్చు. ఆ కంపెనీ డెవలప్‌మెంట్ సెంటర్ హైదరాబాద్‌ల 1998 నుంచే ఉంది. మన భువనగిరికి గంటన్నర, రెండు గంటల దూరం. ఆ ఫైల్ల క్లాసుల పేర్లు చూస్తే అసింక్ సెమాఫోర్, అసింక్ క్యూ, అసింక్ బ్యారియర్, అసింక్ రీడర్ రైటర్ లాక్. అన్నీ ఆగుడు, ఆపుడు, పిలుచుడు గురించే. ఒక ఫైల్ మొత్తం ఎట్ల ఆగాలె అనే దాని మీదనే ఉందా అని నవ్వుకున్నం.

అసలు అసింక్ అంటే ఏందో మాలో ఒకరి బాపుతోని అర్థమైంది. యూరియా కోసం పొద్దుగాల నాలుగింటికే లైన్ల నిలబడాలె. ఒకప్పుడు బాపు తానే నిలబడేటోడు. మధ్యాహ్నం దాక నిలబడితే ఆ రోజు కూలి పాయె. తర్వాత ఊర్ల అందరు చెప్పులు పెట్టుడు మొదలువెట్టిండ్రు. మీరూ చూసే ఉంటరు, లైన్ల మనుషులు ఉండరు, చెప్పులు, పాస్‌బుక్కులు, రాళ్లు ఉంటయి. మనిషి పోయి వేరే పని చేసుకుంటడు. బండి రాంగనే పిలుపు వస్తది, వచ్చి తన చెప్పుల దగ్గర నిలబడుతడు.

మామూలు ప్రోగ్రాంల థ్రెడ్ తానే లైన్ల నిలబడుతది. ఫైల్ రాసేదాక, నెట్ నుంచి జవాబు వచ్చేదాక చేతులు కట్టుకొని ఉంటది. విండోస్‌ల ఒక్కో థ్రెడ్‌కు మామూలుగ 1 ఎంబీ జాగ పక్కన పెడుతరు. 96 మందికి 96 థ్రెడ్లు నిలబెడితే మా ముసలి ల్యాప్‌టాప్‌కు ఊరికే బరువు. అసింక్‌ల అట్ల కాదు. "అవెయిట్" అని రాసిన చోట ప్రోగ్రాం తన చెప్పులు అక్కడ పెడుతది. ఆ చెప్పుల పేరే టాస్క్. థ్రెడ్ పోయి ఇంకొకరి పని చేస్తది. జవాబు రాంగనే సరిగ్గ ఆగిన లైను నుంచే పని మొదలైతది. సి షార్ప్‌ల ఈ మాటలు 2012ల వచ్చినయి, పైథాన్‌ల 2015ల, జావాస్క్రిప్ట్‌ల 2017ల. ఒక్క దగ్గర నేర్చుకుంటే అన్ని దగ్గర్ల పనికొస్తది.

ఒక జాగ్రత్త కూడా ఉంది. చెప్పులు పెట్టి మర్చిపోతే నీ వంతు పోతది. మేము ఒక చోట అవెయిట్ రాయుడు మర్చిపోయినం. ఫైల్ల రాయకముందే "సేవ్ అయింది" అని తెర మీద వచ్చింది. లోపల తప్పు జరిగినా మా దాక రాలే.

దానికంటె పెద్ద తప్పు ఇంకోటి. ఒకరోజు బటన్ నొక్కితే కిటికీ గడ్డకట్టింది. నాట్ రెస్పాండింగ్. తప్పు ఎర్రర్ లేదు, ఏమీ లేదు, ఊకె ఆగింది. అన్న చూసి చెప్పిండు. అవెయిట్ బదులు డాట్ రిజల్ట్ అని రాసినం. అంటే మెయిన్ థ్రెడ్ అక్కడనే కూసొని జవాబు కోసం చూస్తది. జవాబు తెచ్చే పనేమో చివరి మెట్టు మెయిన్ థ్రెడ్ మీదనే చేయాలె. రూముల ఒకడు తలుపుకు ఆనుకొని కూసొని దోస్తు కోసం ఎదురుచూస్తుండు. దోస్తు బయట తలుపు కొడుతుండు. "దోస్తు వచ్చేదాక లేవను" అంటడు లోపలోడు. ఇద్దరు మంచోళ్లే. తెల్లారేదాక అట్లనే ఉంటరు. దీన్ని డెడ్‌లాక్ అంటరు.

మందు మొదటిది, డాట్ రిజల్ట్ తీసేసి పైదాక అవెయిట్ రాసుడు. కొన్నిసార్లు ఆగక తప్పదు. అప్పటికోసం ఆ లైబ్రరీల జాయినబుల్ టాస్క్ ఫ్యాక్టరీ అని ఉంది. దాని ఉపాయం మాకు బాగ నచ్చింది. ఆగినోడు ఆగుతనే ఉంటడు. కానీ తలుపు కొట్టేది తాను ఎదురుచూసే మనిషే అయితే, లేచి సందు ఇస్తడు. అంటే ఎవరి కోసం ఆగిండో వాళ్ల పనికి తన థ్రెడ్‌నే అరువిస్తడు.

1997 జులై 4న మార్స్ మీద దిగిన పాత్‌ఫైండర్‌కు కూడా ఇట్లాంటి కష్టమే వచ్చింది. కంప్యూటర్ మాటిమాటికి రీస్టార్ట్ అవుడు. వాతావరణం లెక్కలు చూసే చిన్న పని ఒక తాళం పట్టుకుంది. దాని కోసం పెద్ద పని ఆగింది. మధ్య రకం పని వచ్చి చిన్నదాన్ని తొక్కి ముందుకు పోతుంది. చిన్నది కదలదు, పెద్దది కదలదు. భూమి మీద నుంచే సరిచేసిండ్రు. ఎట్ల? తాళం పట్టుకున్న చిన్న పనికి, దాని కోసం ఆగిన పెద్ద పని హోదా అరువిచ్చిండ్రు. చిన్నది గబగబ ముగించి తాళం వదిలేసింది.

ఇప్పుడు అన్న సంగతి.

అన్నకు హైదరాబాద్‌ల ఒక కంపెనీల ఉద్యోగం వచ్చింది. మెమోలు, టీసీ చూపెట్టాలె. అవి అన్న చదివిన కాలేజీ బీరువాల ఉన్నయి. ఫీజు రీయింబర్స్‌మెంట్ పైసలు రాలేదు, 27 వేలు నువ్వే కట్టి తీసుకుపో అన్నరు. ఇంట్ల 27 వేలు లేవు. ఉద్యోగంల చేరితే కడుతడు. చేరాలంటే మెమోలు కావాలె. మెమోలకు పైసలు, పైసలకు ఉద్యోగం, ఉద్యోగానికి మెమోలు. అందుకే అన్న మా రూముల చాప మీద ఉండు. యాడి ఫోన్ చేసి "ఎప్పుడు చేరుతవు బేటా" అంటే "వచ్చే నెల" అంటడు. ఎనిమిది నెలల సంది వచ్చే నెలనే.

మేము అన్నతోని మూడుసార్లు ఆఫీసుకు పోయినం. పది నుంచి నాలుగు దాక వరండాల నిలబడుడు, క్లాసులు పోగొట్టుకునుడు, చివరికి క్లర్క్ సారుతోని లొల్లి పెట్టుకొని వచ్చుడు.

డెడ్‌లాక్ గురించి చదువుకుంట ఒకటి చూసినం. 1971ల కాఫ్‌మన్, ఇంకో ఇద్దరు కలిసి రాసిండ్రట. డెడ్‌లాక్ కావాలంటే నాలుగు షరతులు కలవాలె. వస్తువు ఒకరి దగ్గరే ఉండాలె. ఒకటి పట్టుకొని ఇంకోదాని కోసం ఆగాలె. ఎవరూ బలవంతంగ గుంజుకోరాదు. ఆగుడు గుండ్రంగ తిరగాలె. నాలుగుల ఏ ఒక్కటి తెగినా ముడి ఊడుతది. ఆ నాలుగింటిని రూము గోడ మీద రాసి, అన్న మెమోల సంగతి పక్కన రాసినం. పైసలు మన చేతుల లేవు. గుంజుకునుడు కాదు. మిగిలింది మొదటిది. వస్తువు ఒకరి దగ్గరే ఉండాల్నా?

అప్పుడు రీడర్ రైటర్ లాక్ యాదికొచ్చింది. మార్చేటోడైతే ఒక్కడే ఉండాలె. చదివేటోళ్లు ఎంతమందైనా ఒకేసారి చదవొచ్చు. కంపెనీకి మెమోలు చేతికి కావాల్నా, చూస్తే చాలా? అన్న ఫోన్ చేసి అడిగిండు. కాలేజీ తన మెయిల్ నుంచి స్కాన్ చేసి పంపితే చేర్చుకుంటం, ఒరిజినల్స్ ఆరు నెలల్ల ఇయ్యాలె అన్నరు. ఎనిమిది నెలల్ల ఈ మాట ఎవరం అడగలే. అడగొచ్చని చెప్పేటోళ్లు మా ఇండ్లల్ల లేరు.

ఈసారి వరండాల నిలబడలే. క్లర్క్ సారు దగ్గరికి పోయి, "సార్, మెమోలు మీ బీరువాలనే ఉండనీయుండ్రి, స్కాన్ చేసి పంపితే చాలు" అన్నం.

"ఒక్కనికి చేస్తే అందరు వస్తరు బాబు. పదిహేడు మంది ఉన్నరు లిస్టుల. ప్రిన్సిపాల్ సారుకు లెటర్ ఎవరు పెట్టాలె? స్కాన్ ఎవరు చేయాలె? నేనొక్కన్ని," అన్నడు.

అప్పుడు మాకు ఎరుకైంది. తాళం పట్టుకున్న సారు కూడా ఇరుక్కొనే ఉండు. మేము ఆయన తలుపుకు ఆనుకొని కూసొని తలుపు తెరువు అంటున్నం. "పదిహేడు మందివి మేమే చేస్తం సార్, మీ ముందటనే," అన్నం. లెటర్ టైపు చేసినం. లిస్టు చేసినం. ప్రిన్సిపాల్ సారు ఒక్కసారి సంతకం పెట్టిండు. శనివారం మధ్యాహ్నం రెండు గంటలు, మెమోలు టేబుల్ దాటకుండ, ఒకరం అందిచ్చుడు, ఒకరం స్కాన్ చేసుడు, ఒకరం పేరు రాసుడు, ఒకరం తిరిగి కవర్ల పెట్టుడు. చివరికి సారే చాయ్ తెప్పిచ్చిండు.

అన్న పోయిన నెల చేరిండు. చాప మాకు ఇడిచిపెట్టి పోయిండు. ఆ లిస్టుల ఉన్న ఒక అక్క పీజీ సీటుకు స్కాన్ కాపీలు పంపింది, జవాబు ఇంకా రాలే.

ఇది గెలుపు అని మేము రాస్తలేం. 27 వేలు అట్లనే ఉన్నయి. ఒరిజినల్స్ ఆ బీరువాలనే ఉన్నయి. చెప్పులు పెడితే బాపుకు కూలి దక్కిందిగని లైను పోలే. లైను ఎందుకుంది, పైసలు ఎందుకు రాలే అనేది లైబ్రరీ ఫైల్ తీర్చేది కాదు. అది అందరం కలిసి వేరే దగ్గర అడగాల్సిన ముచ్చట. కానీ అది తేలేదాక చేతులు కట్టుకొని నిలబడుడొక్కటే దారి కాదు. మనోళ్లు తరాల సంది ఆఫీసుల ముందట నిలబడ్డరు. ఆగుడు మనకు ఎవరూ నేర్పనక్కరలే. ఆగినప్పుడు చేతులకు ఏం పని చెప్పాలె, ఎవరి కోసం ఆగినమో వాళ్లకు ఏం అందించాలె, అదే మేము ఈ సంవత్సరం నేర్చుకున్నం.

మెమోలు ఇరుక్కున్నోళ్లు ఎవరన్న ఉంటే, మేము టైపు చేసిన లెటర్ నమూనా అడుగుండ్రి, పంపుతం. మీ కంపెనీనో, కాలేజీనో ముందు ఒక్క మాట అడుగుండ్రి, చూస్తే చాలా, చేతికే కావాల్నా అని. కోడింగ్ నేర్చుకునేటోళ్లు ముందు చీటీ మీద 40 రాసి ఇద్దరు కూసోండ్రి. తర్వాత లాక్, సెమాఫోర్, చివరికి అసింక్. ఎక్స్ఎంఎల్ ఫైళ్లకు మేము తెలుగుల రాసుకున్న నోట్సు నలభై పేజీల దాక అయింది, తప్పులున్నయి, దిద్దేటోళ్లు కావాలె.

మెస్సు లెక్క ఇప్పుడు రోజూ సరిగ్గనే వస్తుంది. మొన్న గుడ్డు రోజు 102 మంది, 102 గుడ్లు. ఆ ఐదుగురు తమ్ముళ్లను ముందట నిలబెట్టినం.